పని ఆపేసిన దినకూలీకి ఉచిత న్యాయ సేవ: ఎంతవరకు నమ్మొచ్చు, ఎక్కడ జారిపోతుంది

పదేళ్లు, పదిహేనేళ్లు ఒకే గేటులోంచి వెళ్లి వచ్చిన మనిషితో ఒక పొద్దున మేస్త్రీ "రేపట్నుంచి రావద్దు" అంటాడు. కాగితం ఇవ్వరు, కారణం చెప్పరు. చీమకుర్తి వైపు గ్రానైట్ పాలిషింగ్ యూనిట్లలో, ఒంగోలు చుట్టుపక్కల పొగాకు గ్రేడింగ్ షెడ్లలో, నెల్లూరు తీరంలో రొయ్యల ప్రాసెసింగ్ ప్లాంట్లలో, మున్సిపాలిటీల్లో హాజరు పట్టీ మీద రోజు కూలీకి, అంటే ఎన్ఎంఆర్‌గా పనిచేసేవాళ్లకు ఇది ఎప్పుడైనా ఎదురయ్యే మాటే. అలాంటి మనిషికి ఫీజు లేకుండా దొరికే సేవలు రెండున్నాయి. ఒకటి కార్మిక శాఖ అధికారి ముందు జరిగే రాజీ, రెండోది జిల్లా న్యాయ సేవాధికార సంస్థ పెట్టే ఉచిత వకీలు. ఈ రెండింటితోపాటు, వాటికంటే ముందు అందరూ ఆగే టైపింగ్ షాపు గురించి కూడా ఇక్కడ రాస్తున్నాం.

మా అభిప్రాయం ముందే చెబుతాం. రాజీ సేవను తప్పకుండా వాడుకోవాలి, అక్కడే డబ్బు చేతికొస్తుందని మాత్రం కూర్చోకూడదు. ఉచిత వకీలు సేవ జనం అనుకునేదానికన్నా మెరుగైనది, దాన్ని వాడుకునేవాళ్లే తక్కువ. టైపింగ్ షాపు అర్జీ వల్ల కేసు మొదటి పేజీలోనే పాడైపోవచ్చు. అయితే ఈ మూడు చోట్లా మీకు దక్కే ఫలితం ఒక్క లెక్క మీద నిలబడుతుంది: పని ఆపిన రోజు నుంచి వెనక్కి 12 నెలల్లో మీరు చేసిన రోజులెన్ని?

ఆ అంకె 240. ఇక్కడ చెప్పే సెక్షన్లు పాత చట్టానివి. 2025 నవంబరు 21 నుంచి దాని స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ వచ్చింది, ఆ తేడాలు కింద గడువుల దగ్గర చెప్పాం. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టంలో సెక్షన్ 25బి ప్రకారం 12 నెలల్లో 240 రోజులు పనిచేస్తే ఏడాది నిరంతర సర్వీసు ఉన్నట్టే. పర్మినెంటా, క్యాజువలా, రోజు కూలీయా అన్న తేడా ఇందులో లేదు. ఆ సర్వీసు ఉన్న మనిషిని తీసేయాలంటే 25ఎఫ్ ప్రకారం నెల ముందు నోటీసు గానీ, దానికి బదులు నెల జీతం గానీ ఇవ్వాలి. దాంతోపాటు పూర్తయిన ప్రతి ఏడాదికీ 15 రోజుల సగటు వేతనం కట్టాలి. చివర్లో ఆరు నెలలు దాటిన ముక్క మిగిలితే దాన్ని పూర్తి ఏడాదిగా లెక్కేస్తారు. ఈ డబ్బు తీసేసేటప్పుడే చేతికివ్వాలి. ఇవ్వకపోతే ఆ తొలగింపే చెల్లదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. మనవాళ్లలో ఎక్కువమంది "పరిహారం ఇప్పించండి" అని మాత్రమే అడిగి నష్టపోయేది ఇక్కడే. చెల్లని తొలగింపుకు ముందుగా అడగాల్సింది సర్వీసు కొనసాగింపుతో, వెనక జీతంతో (పని ఆపిన రోజు నుంచి రావాల్సిన జీతం) తిరిగి పనిలోకి తీసుకోమని. పరిహారం అడగడం ఆ తర్వాతి మెట్టు.

240 లెక్కలో పడని రోజులు ఏవో, పడే రోజులు ఏవో తెలిసుండాలి. జీతమిచ్చిన ఆదివారాలు, పండగ సెలవులు లెక్కలోకి వస్తాయని 1985లో అమెరికన్ ఎక్స్‌ప్రెస్ కార్మికుల కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పూర్తి జీతంతో తీసుకున్న సెలవు, పనిలో దెబ్బ తగిలి ఇంట్లో ఉన్న రోజులు, ప్రసూతి సెలవు, లేఆఫ్ రోజులు (పని లేదని యజమాని తాత్కాలికంగా ఆపినవి) కూడా వస్తాయి. జీతం లేని ఆదివారం రాదు. అందుకే నెలకు 26 రోజుల చొప్పున తొమ్మిది నెలలు చేసినా 234 దగ్గరే ఆగిపోతుంది. నెలకు 20 రోజులే చేసినా 12 నెలలూ వెళ్తే 240కి సరిపోతుంది. ఏటా రెండు వారాలు ఆపి మళ్లీ కొత్తగా చేర్చుకున్నట్టు రాసుకునే పద్ధతి కొన్నిచోట్ల ఉంది. కార్మికుడి తప్పు లేకుండా పని ఆగిన రోజులు సర్వీసును తెంచవని చట్టంలోనే ఉంది. ఆ విరామాల తేదీలు కూడా విడిగా రాసి పెట్టుకోండి.

ఇప్పుడు కాగితం మీదికి వద్దాం. కూలీ బ్యాంకులో పడుతుంటే పాస్‌బుక్ ప్రింట్ చేయించండి. పని ఆపిన నెల నుంచి వెనక్కి ఒక్కో జమ పక్కన పెన్సిల్‌తో రోజు కూలీతో భాగించి రాయండి. 9,900 పడింది, కూలీ 450 అయితే 22. మరుసటి నెల 8,100 పడితే 18. ఒక నెల 13,500 కనబడితే 30 అని రాసేయకండి, అందులో ఓవర్‌టైం గానీ పాత బకాయి గానీ కలిసి ఉంటుంది. ఆ నెల ఎదుట ప్రశ్న గుర్తు పెట్టి, హాజరు పట్టీ తెప్పించమని అడగాల్సిన నెలల్లో దాన్ని చేర్చండి. ఇలా 12 గళ్లు నిండితే ఒక్క పేజీలో మీ కేసు నిలబడుతుంది. ఆ పేజీ లేకుండా వెళ్తే అధికారి మొదటి వాయిదాలోనూ రెండో వాయిదాలోనూ అడిగేది అదే.

కూలీ చేతికిచ్చేచోట ఈఎస్ఐ రికార్డు ఆదుకుంటుంది. ఈఎస్ఐ పోర్టల్లో కార్మికుడి లాగిన్‌లో చందా వివరాలు తెరిస్తే ఏ నెలలో ఎన్ని రోజులకు చందా కట్టారో కనబడుతుంది. పీఎఫ్ పాస్‌బుక్‌లో యజమాని పేరు, చందా కట్టిన నెలలు ఉంటాయి. గేట్ పాసు, డ్యూటీ వేస్తూ సూపర్‌వైజర్ పెట్టిన వాట్సాప్ మెసేజీలు, వేయింగ్ స్లిప్పులు కూడా పనికొస్తాయి. ప్రభుత్వ ఆఫీసు, మున్సిపాలిటీ అయితే మస్టర్ రోల్ (హాజరు పట్టీ) నకళ్లు సమాచార హక్కు కింద అడగొచ్చు. మన ఆంధ్రప్రదేశ్‌లో ఆ దరఖాస్తుకు గ్రామ స్థాయిలో రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10 రూపాయలు. జవాబుకు గడువు 30 రోజులు.

240 రోజులు చేశానని నిరూపించే భారం మొదట కార్మికుడి మీదే ఉంటుంది. ఒట్టి అఫిడవిట్ చాలదని 2002లో హడిమణి కేసులో సుప్రీంకోర్టు అన్నది. ఆ తర్వాత ఎల్లట్టి కేసులో ఇంకో సంగతి చెప్పింది: దినకూలీ చేతిలో నియామకపు ఉత్తర్వూ ఉండదు, తొలగింపు ఉత్తర్వూ ఉండదు, కాబట్టి అతను బోనెక్కి సాక్ష్యం చెప్పి, యజమాని దగ్గరున్న మస్టర్లు, వేతన రిజిస్టర్లు తెప్పించమని అడగాలి. అడగడమన్నది ఇక్కడ అసలు పని. అడగనివాడికి ఆ తీర్పు ఉపయోగపడదు.

ఇక టైపింగ్ షాపుల సంగతి. వేగం బాగుంటుంది, ఖర్చు కొంచెమే, ఫాంట్ నీటుగా ఉంటుంది. చిక్కు ఏంటంటే వాళ్ల కంప్యూటర్లో ఉన్న పాత అర్జీలోనే కొత్త పేరు పెడతారు. అలా తయారైన అర్జీలో సాధారణంగా ఉండే వాక్యం ఇది: "నేను గత పదిహేను సంవత్సరాలుగా నిజాయితీగా పనిచేయుచుండగా నన్ను అన్యాయంగా తొలగించినారు, కావున దయతో నాకు ఉద్యోగం పర్మినెంట్ చేయించగలరు." ఇందులో చేరిన తేదీ లేదు, ఆపిన తేదీ లేదు, 240 లేదు, ఎవరు ఆపారో లేదు. పైగా అడిగిన ఉపశమనమే వేరు. దాని బదులు ఇలా రాయించండి: "ఫలానా తేదీన పాలిషర్‌గా చేరాను. రోజు కూలీ 450 రూపాయలు. ఫలానా తేదీ ఉదయం గేటు వద్ద సూపర్‌వైజర్ లోపలికి రానివ్వలేదు. ఆ తేదీకి ముందు 12 నెలల్లో 251 రోజులు పనిచేశాను, నెలవారీ పట్టిక జతచేశాను. నోటీసు గానీ, నోటీసు వేతనం గానీ, పరిహారం గానీ ఇవ్వలేదు. నా తర్వాత చేరినవారు ఇంకా పనిలో ఉన్నారు. తొలగింపు చెల్లదని ప్రకటించి, సర్వీసు కొనసాగింపుతో, పూర్తి వెనక జీతంతో తిరిగి పనిలోకి తీసుకునేలా చేయాలి." తర్వాత చేరినవారి మాట ఊరికే రాయలేదు. చివర వచ్చినవాడిని ముందు పంపాలన్నది 25జి సూత్రం. మళ్లీ మనుషుల్ని తీసుకునేటప్పుడు తీసేసినవారికి ముందు అవకాశం ఇవ్వాలని 25హెచ్ చెబుతుంది.

అర్జీ ఏ ఆఫీసులో ఇవ్వాలన్నది మన ప్రాంతంలో తరచూ తప్పుతుంది. గ్రానైట్ క్వారీ గనుల కిందికి వస్తుంది, గనుల వివాదాలు కేంద్ర ప్రభుత్వ కార్మిక శాఖవి. అదే రాయిని కోసి పాలిష్ చేసే ఫ్యాక్టరీ రాష్ట్ర కార్మిక శాఖది. ఒకే యజమాని, ఒకే లారీలో వచ్చే రాయి, ఆఫీసులు మాత్రం రెండు. కృష్ణపట్నం కేంద్రం కిందుండే మేజర్ పోర్టు కాదు కనుక అక్కడి ప్రైవేటు కాంట్రాక్టుల కార్మికులది మామూలుగా రాష్ట్ర శాఖే. రైల్వే, బ్యాంకు, ఎల్ఐసీ అయితే కేంద్రం. తప్పు ఆఫీసులో ఇస్తే మీ పరిధి ఇది కాదని తేలేసరికి నెలలు పోతాయి. ఆ నెలలు గడువులోంచే తరుగుతాయి.

రాజీ సేవ మీద మా మాట: ఖర్చు విషయంలో ఐదుకు ఐదు, ఫలితం విషయంలో మూడు. అర్జీ మూడు కాపీలు తీసుకెళ్లి మీ కాపీ మీద తేదీ ముద్ర వేయించుకోండి. యజమానికి నోటీసు వెళ్తుంది, వాయిదా పడుతుంది. రాజీ అధికారి తీర్పు చెప్పలేడు. ఇద్దరూ ఒప్పుకుంటే ఒప్పందం రాస్తాడు, లేకపోతే కుదరలేదని నివేదిక ఇస్తాడు, అంతే. "లేబర్ ఆఫీసరు మనకు న్యాయం చెప్పలేదు" అని జనం బాధపడేది ఈ సంగతి తెలియకే. అయితే మనిషిని పిలిపించే, రిజిస్టర్లు తెప్పించి చూసే అధికారం ఆయనకు సెక్షన్ 11(4) కింద ఉంది. మొదటి వాయిదాలోనే రాతపూర్వకంగా హాజరు పట్టీ, వేతన రిజిస్టరు, ఈఎస్ఐ చలాన్లు అడగండి. రాజీ కుదరకపోయినా ఆ కాగితాలు ఫైల్లో చేరతాయి. తీసుకురాలేదంటే ఆ మాటైనా నమోదవుతుంది. మా లెక్కలో ఈ సేవకున్న అసలు విలువ అదే. ఇంకొకటి, రాజీ దశలో వకీలు మీ తరఫున మాట్లాడకూడదు. రిజిస్టరైన యూనియన్ కార్యవర్గ సభ్యుడు మాట్లాడొచ్చు. ఏ యూనియన్లోనూ లేకపోతే అదే పరిశ్రమలో పనిచేసే తోటి కార్మికుణ్ణి మీ తరఫున నియమించుకోవచ్చు.

యజమాని వైపు నుంచి వచ్చే జవాబులు నాలుగైదే. అన్నిటికన్నా ప్రమాదం "మేం తీసేయలేదు, తనే రావడం మానేశాడు" అన్నది. దీనికి మందు మొదటి వారంలోనే వేయాలి. గేటు దగ్గర ఆపిన రెండు మూడు రోజుల్లో "నేను పనికి సిద్ధంగా ఉన్నాను, ఫలానా రోజు నన్ను రానివ్వలేదు" అని ఒక ఉత్తరం స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచాలి. వాయిదాలో వాళ్లు "అయితే రేపే రమ్మనండి" అంటే వెంటనే ఒప్పుకొని, పాత సర్వీసుతో సహా అని రాయించుకుని వెళ్లాలి. వెళ్లాక మళ్లీ గేటు దగ్గర ఆపితే అదే రోజు అధికారికి రాతపూర్వకంగా చెప్పాలి.

రెండోది "మా దగ్గర 50 మంది కూడా లేరు, చట్టం వర్తించదు" అనే మాట. ఆ 50 హద్దు లేఆఫ్ పరిహారానికి సంబంధించింది, 25ఎఫ్‌కు కాదు. మూడోది "ఇతను కాంట్రాక్టర్ మనిషి" అని. కాంట్రాక్టర్లు మారుతూ మీరు మాత్రం అదే మిషను మీద ఉండిపోతే అర్జీలో అసలు యజమానినీ, ఇన్నాళ్లూ వచ్చిన కాంట్రాక్టర్లనూ కలిపి ప్రతివాదులుగా పెట్టండి. కాంట్రాక్టు నిజమైనదా, పేరుకేనా అన్నది తేల్చేది లేబర్ కోర్టు. ఒక్కరినే పెడితే ఇద్దరూ వేళ్లు ఒకరి మీద ఒకరు చూపించుకుంటారు.

పొగాకు గ్రేడింగ్ లాంటి సీజను పనిలో సంగతి వేరే. సీజను అయిపోయిందని ఆపడాన్ని కోర్టు తొలగింపుగా చూడదు. 1995లో మొరిండా సహకార చక్కెర మిల్లు కేసులో సుప్రీంకోర్టు ఆ మాట అంటూనే, సీజను కార్మికుల రిజిస్టరు పెట్టి మళ్లీ సీజను రాగానే సీనియారిటీ వరసలో పిలవమంది. కాబట్టి గ్రేడింగ్ పనివాళ్లు పట్టుకోవాల్సింది సీజను ముగిసిన రోజును కాదు, పాతవాళ్లను వదిలి కొత్తవాళ్లను పిలిచిన రోజును.

డబ్బు లెక్క ఒకటి చూద్దాం. రోజుకు 450 కూలీ, 11 ఏళ్ల 7 నెలల సర్వీసు. దీన్ని 12 ఏళ్లుగా లెక్కేస్తారు. పరిహారం 12 సార్లు 15 రోజులు, అంటే 180 రోజులు, 81,000. నోటీసు వేతనం 26 రోజులకు 11,700. గ్రాట్యుటీ, అంటే ఏళ్ల తరబడి చేసిన సర్వీసుకు ఇచ్చే మొత్తం, విడిగా అదే 15 రోజుల లెక్కన మళ్లీ 81,000. మొత్తం 1,73,700. పది మంది పైగా ఉన్న సంస్థలో ఐదేళ్లు నిండినవాళ్లకు గ్రాట్యుటీ వస్తుంది, దాన్ని రాజీ బేరంలో కలపనివ్వకండి. కిలోల లెక్కన కూలీ తీసుకునే రొయ్యల ఒలుపు పనివాళ్లకు గ్రాట్యుటీ రోజు వేతనం చివరి మూడు నెలల సంపాదన సగటు మీద కడతారు. సీజను సంస్థలో ఒక్కో సీజనుకు ఏడు రోజుల చొప్పున. ముప్పై రోజుల్లో యజమాని కట్టకపోతే గ్రాట్యుటీ అధికారి ముందు దరఖాస్తు వేయొచ్చు, ఆలస్యానికి వడ్డీ కూడా వస్తుంది. రాజీలో యాభై వేలు ఇస్తామన్నప్పుడు ఈ 1,73,700 ఎదురుగా పెట్టుకుని ఆలోచించండి. వెనక జీతం ఇందులో ఇంకా కలపలేదు.

ఇప్పుడు ఉచిత వకీలు. 1987 న్యాయ సేవాధికార సంస్థల చట్టం సెక్షన్ 12లో పారిశ్రామిక కార్మికుడు, మహిళ, ఎస్సీ, ఎస్టీ అని విడివిడిగా పేర్లున్నాయి. వీళ్లకు ఆదాయ పరిమితి లేదు. ఆదాయ ధ్రువపత్రం తెమ్మని ఎవరైనా అంటే ఈ సెక్షన్ చూపించండి. నెల్లూరులోనూ ఒంగోలులోనూ జిల్లా సంస్థలున్నాయి. కావలి, కందుకూరు, మార్కాపురం లాంటి కోర్టు ఊళ్లలో మండల కమిటీలుంటాయి. ఫోనులో అయితే 15100. రాయడం రాకపోతే నోటిమాటగా చెప్పినా దరఖాస్తు రాసి తీసుకుంటారు. ఈ సేవలో లోటు ఏంటంటే ప్యానెల్ వకీళ్లలో లేబర్ కేసులు చూసేవారు తక్కువ. దరఖాస్తులోనే "లేబర్ కోర్టులో అనుభవం ఉన్న న్యాయవాదిని కేటాయించండి" అని రాయండి. కుదరకపోతే మార్చమని అడిగే వీలుంది. లేబర్ కోర్టులో వకీలు నిలబడాలంటే ఎదుటి పక్షం సమ్మతి, కోర్టు అనుమతి రెండూ కావాలి. యజమాని తన వకీలును పెట్టుకోవాలన్నా మీ సమ్మతి కావాలి కనుక సాధారణంగా ఇది ఇద్దరూ ఒప్పుకునే విషయమే.

కోర్టులో వేసే అఫిడవిట్‌లో, తీసేసిన తర్వాత ఎక్కడా స్థిరంగా సంపాదించలేదని తప్పకుండా రాయించాలి. ఈ ఒక్క వాక్యం ఉంటే, సంపాదించాడని నిరూపించే భారం యజమాని మీదికి వెళ్తుందని 2013లో దీపాలి గుండు కేసులో తేలింది. అది లేకపోతే వెనక జీతం తెగుతుంది. మధ్యలో ఉపాధి హామీ పనికి వెళ్లి ఉంటే దాచకుండా ఆ రోజులు రాయండి.

గడువుల దగ్గర జాగ్రత్త. 2025 నవంబరు 21న పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది. అంతకుముందు తీసేసినవాళ్లకు పాత చట్టం సెక్షన్ 2ఎ ప్రకారం రాజీ అర్జీ ఇచ్చి 45 రోజులు దాటితే నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లే వీలుంది, తొలగించిన రోజు నుంచి మూడేళ్ల లోపు. కోడ్ కింద అయితే వివాదం మొదలైన రెండేళ్లు దాటితే రాజీ అధికారి కేసు చేపట్టడు, రాజీ విఫలమైన నివేదిక అందాక 90 రోజుల్లో ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. 25ఎఫ్ సంగతులు కోడ్‌లో సెక్షన్ 70లో ఉన్నాయి, 15 రోజుల లెక్క మారలేదు. కొత్తగా నైపుణ్య నిధి కింద తీసేసిన కార్మికుడికి ఇంకో 15 రోజుల వేతనం, మన లెక్కలో 6,750, ఖాతాలో పడాలి. తీసేయడానికి ముందు ప్రభుత్వ అనుమతి కావాల్సిన ఫ్యాక్టరీ హద్దు మాత్రం 100 మంది నుంచి 300కి పెరిగింది, ఇది కార్మికుడికి నష్టమే. మీ తొలగింపు తేదీని బట్టి ఏ సెక్షన్లు రాయాలో వకీలుతో ముందే తేల్చుకోండి.

ప్రభుత్వ, మున్సిపల్ ఎన్ఎంఆర్‌లకు వెంటనే వినిపించే పేరు ఉమాదేవి కేసు. 2006లో వచ్చిన ఆ తీర్పు ప్రకారం దొడ్డిదారి నియామకాలకు రెగ్యులరైజేషన్ (పర్మినెంట్ చేయమనే) హక్కు లేదు. అది రెగ్యులరైజేషన్ గురించి. నోటీసు లేకుండా, పరిహారం లేకుండా తీసేయడానికి అది లైసెన్సు కాదు. 2024 డిసెంబరులో జగ్గో కేసులో కేంద్ర జల సంఘం ఆఫీసులో ఏళ్ల తరబడి ఊడ్చినవాళ్లను, తోటపని చేసినవాళ్లను తీసేస్తే సుప్రీంకోర్టు వాళ్లను రెగ్యులర్ చేయమంది. ఉమాదేవి తీర్పును అడ్డం పెట్టుకుని దీర్ఘకాలం పనిచేసినవారిని వాడుకుని వదిలేయకూడదని అన్నది. 2025 జనవరిలో ఘాజియాబాద్ మున్సిపల్ తోటమాలుల కేసులో సగం వెనక జీతంతో తిరిగి పనిలోకి తీసుకోమంది. మరోవైపు భూరుమల్ అనే దినకూలీ కేసులో తిరిగి పని బదులు 3 లక్షల పరిహారంతో సరిపెట్టింది కూడా సుప్రీంకోర్టే. ఎన్నేళ్లు చేశారు, ఆ పని ఇంకా ఉందా, మీ స్థానంలో వేరొకరిని పెట్టారా అన్న మూడు విషయాల మీదే ఫలితం చాలావరకు తిరుగుతుంది. మీ తర్వాత అదే పనికి వచ్చిన మనిషి ఏ తేదీన చేరాడో, ఏ పని చేస్తున్నాడో తోటివాళ్లను అడిగి రాసి పెట్టుకోండి.

లోక్ అదాలత్‌లో పరిష్కరించుకుందామని పిలుపు వస్తే వెళ్లొచ్చు, డబ్బు త్వరగా అందుతుంది. కానీ అక్కడి అవార్డు మీద అప్పీలు ఉండదు. సంతకం చేసే ముందు మూడు విషయాలు కాగితం మీద చూసుకోండి: మొత్తం ఎంత, ఏ తేదీన ఏ ఖాతాలో పడుతుంది, గ్రాట్యుటీ, పీఎఫ్ ఇందులో కలిశాయా లేక విడిగా ఉన్నాయా. "అన్ని క్లెయిములూ పరిష్కారమైనవి" అన్న ముక్క ఉంటే దాని పక్కనే "గ్రాట్యుటీ, పీఎఫ్ మినహా" అని చేర్పించి, ఆ చేర్పు దగ్గర ఇద్దరి సంతకాలూ పెట్టించండి.